కానుగంటే హొంగె.. హొంగె అంటే కానుగే!

* గుట్టల మీద మొక్క ఒకటే.. పేర్లు రెండు భాషల్లో
* ఒకే పేరుతో అమ్ముడయ్యే వేర్లు రెండు రకాలు
* రిజిస్టర్‌లో తెలుగు పేరు చేరకుంటే మిగిలేది మరుపే

చిక్కబళ్లాపురం, బాగేపల్లి, చింతామణి: తెల్లారకముందే చిక్కబళ్లాపురం పూల మార్కెట్లో బుట్టలు దిగుతాయి. గులాబీ, చామంతి, బంతి, సుగంధరాజ.. ఇటు బెంగళూరుకు, అటు ఆంధ్ర ఊళ్లకు బండెక్కుతాయి. పండగొస్తే ఈ పూలు లేని గడప ఉండదు. మరి ఈ బుట్టల్లో 'మన పూలు' ఎన్ని? లెక్క తీస్తే ఆశ్చర్యం వేస్తుంది. దసరాకు గుమ్మానికి కట్టే బంతి పుట్టిల్లు మెక్సికో. సుగంధరాజ అని పిలుచుకునే నేలసంపెంగదీ అదే దేశం. చామంతి చైనా వైపు నుంచి వచ్చింది. ఓ మూల బుట్టలో ఉన్న కనకాంబరం మాత్రం అచ్చంగా దక్షిణాది పిల్ల.

మరి మన పూలు ఎక్కడున్నట్టు? బాగేపల్లి గుట్టల మీద ఉన్నాయి. కైవార అడవిలో ఉన్నాయి. నంది కొండ లోయల్లో ఉన్నాయి. ఎండాకాలం మొదట్లో ఆకు రాల్చి నిప్పులా పూసే మోదుగ, పసుపు గుత్తులు వేలాడేసే రేల, బీడు గట్ల మీద తంగేడు.. వీటికి మార్కెట్ లేదు, ధర లేదు. కొన్నింటికి పేరు కూడా మిగలడం లేదు. అసలు సమస్య అక్కడే ఉంది.

గడ్డీ పూలమొక్కే!

పూలమొక్క అనగానే తోటలో కుండీ గుర్తుకొస్తుంది. శాస్త్రం లెక్క వేరు. పువ్వు పూసి, గింజను కాయలో దాచుకునేది ఏదైనా పూలమొక్కే. ఆ లెక్కన రాగి, జొన్న, గరిక, వెదురు అన్నీ పూలమొక్కలే. మేడిపండు పగలగొడితే లోపల కనిపించే సన్నటి పొట్టు కూడా పూలే. తిరుమల కొండల్లో ఈతచెట్టులా కనిపించే పేరిత మాత్రం ఈ జాబితాలోకి రాదు. దానికి పువ్వూ లేదు, కాయా లేదు. గింజ బయటికే ఉంటుంది.

ప్రపంచంలో ఇప్పటిదాకా శాస్త్రవేత్తలు పేరు పెట్టిన పూలమొక్కలు మూడు లక్షలకు పైమాటే. మన దేశంలో 18 వేలకు పైగా జాతులున్నాయి. అందులో నాలుగు వేలకు పైగా రకాలు ఈ దేశం దాటితే సహజంగా ఎక్కడా పెరగవు. కడప, చిత్తూరు కొండల ఎర్రచందనం అలాంటిదే. ఈ మొక్కల లెక్క చూసే భారత వృక్ష సర్వే సంస్థ 1890 ఫిబ్రవరి 13న పుట్టింది. నూట ముప్పై ఏళ్లు దాటినా లెక్క పూర్తి కాలేదు. ఏటా కొత్త జాతులు బయటపడుతూనే ఉన్నాయి.

గుట్టకు సరిహద్దు లేదు

చిత్రావతి చిక్కబళ్లాపురం కొండల్లో పుట్టి బాగేపల్లి మీదుగా పుట్టపర్తికి పోతుంది. పాపఘ్ని నీళ్లు కడప జిల్లాకు చేరతాయి. వాటి వెంటే విత్తనాలూ పోతాయి. చెక్‌పోస్టు దగ్గర ఆగేది లారీలే, గాలికి ఎగిరే జిల్లేడు దూది కాదు. కోడికొండ దాటినా అదే రాతి గుట్ట, అదే ముళ్ల పొద, అదే తంగేడు.

మనిషి రాసుకున్న పుస్తకాలు మాత్రం సరిహద్దు దగ్గర ఆగిపోయాయి. బెంగళూరులో సిసిల్ సల్డానా 'ఫ్లోరా ఆఫ్ కర్ణాటక' మొదటి సంపుటం 1984లో, రెండోది 1996లో వచ్చాయి. అటు అనంతపురం శ్రీకృష్ణదేవరాయ విశ్వవిద్యాలయం ఆచార్యుడు టి. పుల్లయ్య, సహచరులు రాసిన 'ఫ్లోరా ఆఫ్ ఆంధ్రప్రదేశ్' 1997లో వచ్చింది. రెండూ గొప్ప పనులే. కాకపోతే ఒకటి ఇటు రాష్ట్రానికి, ఒకటి అటు రాష్ట్రానికి. మధ్యలో ఉన్న ఊళ్లలో తెలుగు మాట్లాడే రైతు ఏ పేరుతో వెతకాలి?

ఒకే చెట్టు.. రెండు పేర్లు

బాగేపల్లి తాలూకా పల్లెల్లో 'కానుగ' అంటారు. అదే చెట్టును పట్టణంలో అటవీ శాఖ నర్సరీకి వెళ్లి అడగాలంటే 'హొంగె' అనాలి. ఇంట్లో ఓ పేరు, ఆఫీసులో ఓ పేరు. రోజూ వాడే కొన్నింటిని చూడండి..

తెలుగులో.. కన్నడలో.. శాస్త్రంలో..

* తంగేడు.. తంగడి, ఆవరికె.. సెన్నా ఆరిక్యులాటా
* కానుగ.. హొంగె.. పొంగామియా పిన్నాటా
* మోదుగ.. ముత్తుగ.. బ్యూటియా మోనోస్పెర్మా
* రేల.. కక్కె.. కేసియా ఫిస్టులా
* రావి.. అరళి.. ఫైకస్ రెలిజియోసా
* మర్రి.. ఆల.. ఫైకస్ బెంగాలెన్సిస్
* జిల్లేడు.. ఎక్క.. కెలోట్రాపిస్ జైగాంటియా
* వావిలి.. లక్కి.. వైటెక్స్ నెగుండో
* తుమ్మి.. తుంబె.. ల్యూకాస్ ఆస్పెరా
* నారేపి.. కమర.. హార్డ్‌వికియా బైనాటా

ఇందులో తమాషా ఏమిటంటే, పేరు తెలియకపోవడం వల్ల బంధుత్వం కూడా తెలియడం లేదు. విశాఖ వైపు ఏటికొప్పాక లక్కబొమ్మలు చేసేది అంకుడు కర్రతో. బెంగళూరు-మైసూరు దారిలో చెన్నపట్నం బొమ్మలు చేసేది హాలె మరంతో. రెండూ ఒకటే చెట్టు.. రైటియా టింక్టోరియా. కొన్నిచోట్ల దీన్నే తెడ్లపాల అంటారు. కర్ర తెల్లగా, మెత్తగా, చెక్కడానికి వీలుగా ఉంటుంది. వందల కిలోమీటర్ల దూరంలో రెండు ఊళ్ల కళాకారులు ఒకే చెట్టును నమ్ముకున్నారు. పేర్లు చూస్తే ఆ సంగతి తెలియదు.

ఒకే పేరు.. రెండు మొక్కలు

ఒక చెట్టుకు నాలుగు పేర్లుంటే ఇబ్బందే కానీ ప్రమాదం లేదు. నాలుగు మొక్కలకు ఒకే పేరుంటేనే ప్రమాదం.

ఎండాకాలం వస్తే రాయలసీమలో, ఈ సరిహద్దు ఊళ్లలో నన్నారి షర్బత్ తాగనివారుండరు. ఆ నన్నారి ఏ వేరు? సుగంధిపాల అనే సన్నటి తీగ వేరునూ నన్నారి అంటారు. మారెడు కొమ్ములు అనే లావుపాటి దుంపవేరునూ నన్నారి పేరుతోనే అమ్ముతారు. మొదటిది హెమిడెస్మస్ ఇండికస్. దాని వేరు తీగలా సన్నగా, గట్టిగా ఉంటుంది. రెండోది డెకాలెపిస్ హామిల్టోనీ. కన్నడంలో మాకళి బేరు. వేరు వేలి లావు, అంతకు మించి కండ పట్టి ఉంటుంది. పచ్చడీ పెట్టుకుంటారు.

వాసన దగ్గరదగ్గరగా ఉంటుంది కాబట్టి తాగేవాడికి తేడా తెలియదు. కొండకు మాత్రం తెలుస్తుంది. సుగంధిపాల దేశమంతటా దొరికే తీగ. మారెడు కొమ్ములు దక్షిణాది రాతి గుట్టల్లో మాత్రమే పెరిగేది. వేరు కోసం దుంప మొత్తం తవ్వేస్తే ఆ మొక్క కథ ముగిసినట్టే. రెండింటినీ 'నన్నారి' అని ఒకే ఖాతాలో రాస్తే.. 'నన్నారికేం, చాలా ఉంది' అనిపిస్తుంది. ఆ ఖాతా చాటున అరుదైనది ఖాళీ అయిపోతుంది.

బ్రాహ్మి సంగతీ అంతే. చెరువు గట్టు తడిలో గుండ్రటి ఆకుతో పాకే సరస్వతి ఆకును కన్నడంలో ఒందెలగ అంటారు. కర్ణాటకలో చాలామంది దీన్నే బ్రాహ్మి అని కూడా పిలుస్తారు. ఆయుర్వేద కంపెనీల లేబుల్ మీద బ్రాహ్మి అంటే చాలాసార్లు బాకోపా మొన్నియేరి అనే వేరే మొక్క. దాని ఆకులు చిన్నవి, మందంగా, జంటలు జంటలుగా ఉంటాయి. ఒకటి కొత్తిమీర కుటుంబం, ఇంకొకటి దానికి సంబంధం లేని కుటుంబం. చెప్పిన పేరు ఒకటే, కొన్న మందు వేరు.

అన్నింటికన్నా జాగ్రత్త పడాల్సింది 'అరళి'తో. కన్నడంలో అరళి అంటే రావిచెట్టు. తమిళంలో అదే మాటకు అర్థం గన్నేరు. గన్నేరు ఆకు, కాయ, వేరు అన్నీ విషమే. తెలుగు, కన్నడ, తమిళం కలిసి వినిపించే చింతామణి, కోలారు ప్రాంతాల్లో ఎవరో చెప్పారని 'అరళి ఆకు' కషాయం కాచుకుంటే ఏమవుతుందో చెప్పనక్కర్లేదు.

పువ్వును బట్టి గోత్రం

ఈ గందరగోళానికి మందు వెతికినవాడు స్వీడన్ దేశస్థుడు కార్ల్ లినేయస్. 1753లో అచ్చయిన పుస్తకంలో ప్రతి మొక్కకూ రెండు మాటల పేరు స్థిరపరిచాడు. మొదటిది ఇంటిపేరులాంటిది, ప్రజాతిని చెబుతుంది. రెండోది సొంత పేరు, జాతిని చెబుతుంది. ఫైకస్ అంటే మర్రి, రావి, మేడి అందరి ఇంటిపేరు. రెలిజియోసా అంటే రావి ఒక్కటే. ఈ పేరు బాగేపల్లిలో చెప్పినా, బెర్లిన్‌లో చెప్పినా ఒకటే చెట్టు.

ఇంటిపేరు పైన గోత్రం ఉన్నట్టు, ప్రజాతి పైన కుటుంబం ఉంటుంది. ఇదంతా ఆకు చూసి చెప్పేది కాదు, ముఖ్యంగా పువ్వు, కాయ చూసి చెప్పేది. కంది, ఉలవ, వేరుశనగ పండించే రైతుకు ఇది చెప్పకుండానే తెలుసు. కాయ చిక్కుడులా రెండు చెక్కలుగా విడితే అవన్నీ ఒక కుటుంబం. కానుగ, మోదుగ, తంగేడు, తుమ్మ, చింత కూడా ఆ కుటుంబమే. ఉలవ మొలకను చూస్తే రెండు పప్పు బద్దలు పైకొస్తాయి. రాగి మొలకకు ఒకటే సన్నటి ఆకు లేస్తుంది. ద్విదళబీజాలు, ఏకదళబీజాలు అని పాఠంలో చదివింది ఇదే.

19వ శతాబ్దంలో ఇంగ్లండ్‌లో బెంథామ్, హుకర్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు పూలమొక్కలన్నింటినీ కుటుంబాలుగా సర్దారు. మన దేశంలో ఎన్నో హెర్బేరియాల్లో బీరువాలు ఈనాటికీ ఆ వరుసలోనే ఉన్నాయి. హెర్బేరియం అంటే ఎండబెట్టిన మొక్కను కాగితానికి అంటించి, ఎక్కడ, ఎప్పుడు, ఎవరు సేకరించారో రాసి దాచే చోటు. ఒకరకంగా మొక్కల రికార్డు రూము.

1998 నుంచి లెక్క మళ్లీ మారింది. డీఎన్‌ఏ పోల్చి చూసి అంతర్జాతీయ శాస్త్రవేత్తల బృందం కొత్త వర్గీకరణ ఇచ్చింది. 2016 నాటికి దాన్ని మూడుసార్లు సవరించింది. అంతకుముందు వేరు కుటుంబాల్లో ఉన్న జిల్లేడు, గన్నేరు ఒకే కుటుంబంలోకి వచ్చాయి. తుంచితే రెండింటికీ పాలు కారతాయని పల్లెలో పిల్లాడికీ తెలుసు! టేకు, వావిలి పోయి తులసి కుటుంబంలో చేరాయి. కానుగ సంగతైతే చెప్పనక్కర్లేదు. పొంగామియా గ్లాబ్రా అన్నారు, డెర్రిస్ ఇండికా అన్నారు, మిల్లెట్టియా పిన్నాటా అన్నారు. మళ్లీ పొంగామియా పిన్నాటా దగ్గరకే వచ్చారు. మరి శాస్త్రనామమూ మారుతుంటే దాన్ని నమ్మడం ఎందుకు? మారిన ప్రతిసారీ పాత పేరు, కొత్త పేరు పక్కపక్కన రాసి ఉంచుతారు కాబట్టి. ఊరి పేర్లకు ఆ భాగ్యం లేదు. మరిచిపోతే పోయినట్టే.

సామర్లకోట నుంచి లాల్‌బాగ్ దాకా

తెలుగు పేరుకు శాస్త్రంలో చోటు లేదనుకుంటే పొరపాటు. లినేయస్ శిష్యుడు కోనిగ్ 1768లో తమిళనాడు తీరంలోని తరంగంబాడికి వచ్చి మొక్కలు సేకరించాడు. 1785లో కాకినాడ దగ్గరి జగన్నాథపురంలో కన్నుమూశాడు. ఆయన దగ్గర నేర్చుకున్న విలియం రాక్స్‌బర్గ్ కంపెనీ డాక్టరుగా సామర్లకోటలో తోట వేశాడు. ఇక్కడి చిత్రకారులతో మొక్కల బొమ్మలు గీయించాడు. వాటిలోంచి ఎంచిన 300 బొమ్మలతో 'ప్లాంట్స్ ఆఫ్ ది కోస్ట్ ఆఫ్ కోరమాండల్' 1795 నుంచి విడతలుగా లండన్‌లో అచ్చయింది.

రాక్స్‌బర్గ్ ఊరివాళ్లను అడిగి తెలుగు పేర్లు రాసుకునేవాడు. జ్వరానికి బెరడు వాడే సోమిద చెట్టు అలాగే ఆయన కంటపడింది. తర్వాత 1830లో ఆ చెట్టు ఇంటిపేరే 'సొయ్‌మిడా' అయింది. సొయ్‌మిడా ఫెబ్రిఫ్యూగా.. జ్వరాన్ని తరిమే సోమిద అని అర్థం. తూర్పు కనుమల తంబ చెట్టుకు 'షోరియా తుంబుగ్గాయా' అని పేరు పెట్టాడు. అదీ తెలుగు మాటే. ఊరి మనిషి నోటి మాట ప్రపంచం పలికే పేరయింది.

రాక్స్‌బర్గ్ 1793లో కలకత్తా వెళ్లిపోయాక సామర్లకోట తోట బెంజమిన్ హెయిన్ చేతికొచ్చింది. టిప్పు పతనం తర్వాత మెకంజీ మైసూరు సర్వేలో వృక్షశాస్త్రజ్ఞుడిగా వచ్చింది ఈయనే. 1800 ప్రాంతంలో బెంగళూరు లాల్‌బాగ్ బాధ్యతా చూశాడు. అంటే తెలుగునేల మీద నేర్చిన మొక్కల చదువు రెండొందల ఏళ్ల క్రితమే ఈ దారిన నడిచి వచ్చింది.

వచ్చినవి కొన్ని.. ఆక్రమించినవి కొన్ని

1,478 మీటర్ల ఎత్తున్న నంది కొండ మీద మంచు తడికి కింద మైదానంలో లేని పచ్చదనం కనిపిస్తుంది. అదే కొండ మీద ఎత్తుగా నిలబడ్డ నీలగిరి చెట్లు ఆస్ట్రేలియావి. 1790 ప్రాంతంలో టిప్పు సుల్తాన్ తోటలో దేశంలోనే తొలిసారి నాటారని అటవీ గ్రంథాలు చెబుతాయి. ఇక్కడి చెట్ల సంతతే 'మైసూరు గమ్' పేరుతో దక్షిణాదంతా తోటలుగా పాకింది. కరువు తాలూకాల్లో నేల తేమను తాగేస్తున్నాయన్న గోల పెరిగాక 2017లో కర్ణాటక ప్రభుత్వం కొత్తగా నీలగిరి నాటడాన్ని నిషేధించింది.

లంటానా అమెరికా ఖండం నుంచి తోట అందానికని తెచ్చిన పొద. ఇప్పుడు గుట్ట అంచులన్నీ దానివే. వయ్యారిభామను 1956లో ఆర్.ఎస్. రావు పుణె నుంచి దేశానికి కొత్త మొక్కగా నమోదు చేశారు. ఇప్పుడు అది లేని రోడ్డు పక్క ఉందా? ఇవి పెరిగినచోట తుమ్మి మొలవదు, గడ్డి మొలవదు, మేకకు మేత ఉండదు.

అలాగని బయటి నుంచి వచ్చినవన్నీ శత్రువులు కావు. చింతచెట్టు పుట్టిల్లు ఆఫ్రికా. ఎప్పుడో వచ్చి ఇంటిమనిషైపోయింది. దేవనహళ్లి దగ్గరి నల్లూరు చింతతోపును 2007లో దేశంలోనే మొదటి జీవవైవిధ్య వారసత్వ స్థలంగా ప్రకటించారు. చిక్కబళ్లాపురం జిల్లాలోని ఆదినారాయణస్వామి బెట్టకూ ఆ హోదా ఇవ్వాలని తర్వాత కర్ణాటక జీవవైవిధ్య మండలి నిర్ణయించింది. ఏది మనది, ఏది వలస వచ్చింది, వచ్చినదాంట్లో ఏది మేలు, ఏది కీడు.. ఇవన్నీ తేలాలంటే ముందు మొక్కను గుర్తుపట్టాలి. గుర్తుపట్టాలంటే పేరు కావాలి.

రిజిస్టర్‌లో ఏ పేరు?

2002 నాటి జీవవైవిధ్య చట్టం ప్రకారం ప్రతి స్థానిక సంస్థలో ఓ జీవవైవిధ్య నిర్వహణ కమిటీ ఉండాలి. ఊరి జనంతో మాట్లాడి ప్రజా జీవవైవిధ్య రిజిస్టర్ తయారు చేయాలి. ఊళ్లో ఏ మొక్కలున్నాయి, దేనికి వాడతారు, ఎవరికి తెలుసు అన్నీ అందులో రాయాలి. 2020 జనవరి 31 లోగా ఈ పని ముగించాలని జాతీయ హరిత ట్రిబ్యునల్ గడువు కూడా పెట్టింది. ఊరి వనరును వ్యాపారానికి వాడుకుంటే వచ్చే లాభంలో వాటా అడగడానికి ఈ రిజిస్టర్ ఓ ఆధారం.

ఇక్కడే సరిహద్దు ఊళ్ల చిక్కు. చెప్పే మనిషి మాట తెలుగు. రాసే ఆఫీసు భాష కన్నడం. మేకలు కాసే ముసలమ్మ 'మారెడు కొమ్ములు' అంటే రాసేవాడికి 'మాకళి' అని తెలిస్తే సరే. తెలియకపోతే 'నన్నారి' అని రాసుకుని పోతాడు. ఇంకొంచెం అరుదైన మొక్కైతే ఆ గడే ఖాళీ. కన్నడ పేరు రాయడం తప్పు కాదు, రాయాల్సిందే. దాని పక్కన తెలుగు పేరునూ, రెండింటినీ కలిపే శాస్త్రనామాన్నీ రాయకపోవడమే తప్పు.

2025 జులై 2న నంది కొండ మీద జరిగిన మంత్రివర్గ సమావేశం బాగేపల్లి పేరును భాగ్యనగరగా మార్చడానికి ఆమోదం తెలిపింది. ఊరి పేరు మీద ఎవరి వాదన వారిది. ఆ మార్పుకు ఫైలుంది, తేదీ ఉంది. రేపు ఎవరడిగినా పాత పేరు ఇదీ అని చెప్పగలరు. గుట్ట మీది మొక్క పేరు మారినా, మాసిపోయినా ఏ ఫైలూ కదలదు.

పెద్ద పనేం కాదు

ఇది ఒక్క బడి పిల్లలు చేయగలిగిన పని. పూత మీదున్న చిన్న రెమ్మ తీసుకుని పాత పేపర్ల మధ్య పెట్టి బరువు వేయాలి. తేమ పోయేదాకా పేపర్లు మారుస్తూ ఉండాలి. ఊరు, గుట్ట, తేదీ రాయాలి. పూల రంగు ఎండితే పోతుంది కాబట్టి ముందే రాసుకోవాలి. తాతమ్మ చెప్పిన తెలుగు పేరు, పక్కింటి వారి కన్నడ పేరు రెండూ పెట్టాలి. శాస్త్రనామం తెలియకపోతే ఖాళీ వదిలి, కాలేజీ వృక్షశాస్త్ర లెక్చరర్‌కు చూపించాలి. అరుదైనదైతే కోయకుండా ఫోను ఫొటో చాలు. పువ్వు, కాయ, ఆకు ముందువైపు, వెనకవైపు కనబడితే గుర్తుపట్టడం తేలిక. మందు మొక్కని నిర్ధారణ కాకుండా నోట్లో పెట్టుకోవడం మాత్రం వద్దు.

మనకు ఈ రెండు పేర్ల అలవాటు కొత్త కాదు. ఉగాది నాడు ఈ ఊళ్లలో ఒక ఇంట్లో వేపపువ్వుతో పచ్చడి కలుపుతారు. పక్కింట్లో బేవు-బెల్ల పంచుతారు. పువ్వు ఒకే చెట్టుది. ఆ చెట్టుకు రెండు పేర్లూ తెలిసిన ఊళ్లు ఇవి. ఒక భాషే తెలిసినవాళ్లకు లేని ఆస్తి ఇది. గుట్ట మీద ఇంకా వందల మొక్కలు అలా రెండు పేర్లతో పిలిచే మనుషుల కోసం ఉన్నాయి. ఆ పేర్లు తెలిసిన ముసలివాళ్లు ఉండగానే అడిగి రాసుకుంటే మేలు.